టెన్ డిగ్రీ ఛానెల్: ఒక్క మార్కు బిట్టు వెనక ఉన్న ఆదివాసీ చరిత్ర

  

గ్రూప్స్‌కు, కానిస్టేబుల్‌కు, టెట్‌కు చదివే మనందరికీ ఒక బిట్టు నోటికొస్తది. అండమాన్ దీవులనూ నికోబార్ దీవులనూ వేరు చేసేది ఏది? జవాబు టెన్ డిగ్రీ ఛానెల్. దాని పక్కనే ఇంకో బిట్టు: భారతదేశం దక్షిణ కొన ఏది? ఇందిరా పాయింట్. ఒక్కో మార్కు, అంతే. వర్గల్‌లో మా హాస్టల్ పిల్లల్లో సముద్రం కళ్ళతో చూసినోళ్ళు తక్కువ. మాకు దగ్గర్ల ఉన్న పెద్ద నీళ్ళంటే కొండపోచమ్మ సాగరే. అయినా ఆ దీవుల నడుమ నీటి దారి చరిత్ర చదువుతూ పోతే, అది మన అడవుల కథలోకే వచ్చి కలుస్తున్నది. అందుకే ఇంత పొడుగు పోస్టు. ఓపికగా చదవండి.

ఆ దారి ఎక్కడ ఉన్నది

ముందు భూమి సంగతి చూద్దాం. మయన్మార్‌లో అరకాన్ యోమా అనే కొండల వరుస ఉన్నది. సముద్రం ఒడ్డుకు వచ్చి ఆగిపోయినట్టు కనిపిస్తది కానీ అది ఆగలేదు. నీళ్ళ కింద సాగిపోయి, మళ్ళీ ఇండోనేషియాలోని సుమత్రా దగ్గర పైకి లేస్తది. ఆ మునిగిన కొండల శిఖరాలే అండమాన్, నికోబార్ దీవులు. కొండకూ కొండకూ మధ్య కనుమ ఉన్నట్టే దీవికీ దీవికీ మధ్య నీటి కనుమ ఉంటది. వాటిలో పెద్దది ఉత్తరాన లిటిల్ అండమాన్‌కూ దక్షిణాన కార్ నికోబార్‌కూ మధ్య ఉన్నది. వెడల్పు దాదాపు 150 కిలోమీటర్లు. 10 డిగ్రీల ఉత్తర అక్షాంశం దాని మీదుగా పోతది కాబట్టి టెన్ డిగ్రీ ఛానెల్ అన్నారు. దానికి పడమర బంగాళాఖాతం, తూర్పున అండమాన్ సముద్రం.

ఇంకా కిందికి పోతే దీవుల వరుసలో చివరిది గ్రేట్ నికోబార్. దాని కొసే ఇందిరా పాయింట్. అక్కడికీ సుమత్రా వైపు దీవులకూ మధ్య ఇంకో వెడల్పైన దారి ఉన్నది. దాన్ని గ్రేట్ ఛానెల్ అనీ, సిక్స్ డిగ్రీ ఛానెల్ అనీ అంటారు. గల్ఫ్ నుంచి చమురు నింపుకొని చైనాకో జపాన్‌కో పోయే ఓడ శ్రీలంక కింది నుంచి తిరిగి, గ్రేట్ నికోబార్ పక్క నుంచి, మలక్కా జలసంధిలోకి దూరుతది. అక్కడి నుంచి దక్షిణ చైనా సముద్రం, ఆ తర్వాత పసిఫిక్. అంటే రెండు మహాసముద్రాల మధ్య తలుపు ఇది. ఆ తలుపు గడప మీద ఉన్నది ఆదివాసీ నేల.

ఈ సముద్రానికి ఒక వింత గుణం ఉన్నది. పైన వెచ్చటి నీళ్ళు, కింద చల్లటి నీళ్ళు. ఆటుపోట్లు వచ్చినప్పుడు నీళ్ళు ఆ మునిగిన కొండల మీది నుంచి దూకి, లోపల్లోపలే పెద్ద పెద్ద అలలు పుడతయి. అవి పదుల మీటర్ల ఎత్తు ఉంటయి కానీ పైకి కనపడవు. పైన మాత్రం పట్టీల్లాగా నీళ్ళు కుతకుత ఉడికినట్టు కదులుతయి. చరిత్ర కూడా అట్లనే ఉన్నది. పైన కనిపించేది కొంచెమే.

మనకూ ఆ సముద్రానికీ రోజువారీ సంబంధం లేదనుకోవద్దు. మే నెలలో టీవీలో "నైరుతి రుతుపవనాలు అండమాన్‌ను తాకాయి" అని చెప్పంగనే తండాలో, గూడెంలో పెద్దోళ్ళు విత్తనాల సంగతి మొదలుపెడతరు. అక్కడ తాకిన వాన జూన్‌లో మన చేలకు చేరుతది. అక్టోబరు, నవంబరులో అక్కడ పుట్టిన అల్పపీడనాలు కోస్తాను ముంచుతయి, మన పత్తిని తడుపుతయి.

దారిన పోయినోళ్ళు ఏం రాసిన్రు

ఈ దారి వెంట ఓడలు పోవడం కొత్త కాదు. నైరుతి గాలి మీద తూర్పుకు పోయి, ఈశాన్య గాలి మీద తిరిగి రావడం పాత పద్ధతి. 7వ శతాబ్దంలో చైనా నుంచి వచ్చిన బౌద్ధ యాత్రికుడు ఇత్సింగ్ ఈ దీవుల పక్క నుంచే బెంగాల్ తీరానికి చేరాడు. బట్టలు కట్టుకోని మనుషుల దేశం అని రాశాడు. కానీ ఆయనే ఇంకో మాట కూడా రాశాడు. ఓడ కనిపించంగనే వంద దాకా చిన్న పడవలు ఎదురొచ్చాయట. వాటిలో కొబ్బరికాయలు, అరటిపండ్లు, వెదురుతో చేసిన వస్తువులు ఉన్నాయట. వాటికి బదులు వాళ్ళు అడిగింది ఇనుము. అంటే వాళ్ళకు బేరం తెలుసు. తమకేం అవసరమో తెలుసు. మనకు మాత్రం బట్టలు లేవన్న మాటే మిగిలింది.

1025లో రాజేంద్ర చోళుడు శ్రీవిజయ రాజ్యం మీదికి నౌకాదళాన్ని పంపాడు. తంజావూరు శాసనంలో ఆయన గెలిచిన చోట్ల పట్టికలో నక్కవరం అనే పేరు ఉన్నది. అది నికోబారే.

ఇప్పుడు మన కాకతీయుల దగ్గరికి వద్దాం. గణపతిదేవుడు 1244లో మోటుపల్లి రేవులో అభయ శాసనం వేయించాడు. అంతకుముందు తుఫానుకు కొట్టుకొచ్చిన ఓడల సరుకును రాజులు లాగేసుకునేవాళ్ళు. ఇక అట్ల చేయం, నిర్ణయించిన సుంకం మాత్రమే తీసుకుంటం అని వ్యాపారులకు మాట ఇచ్చిన శాసనం అది. తూర్పు సముద్రం దాటే ఓడలకు కాకతీయ రాజ్యం తలుపు మోటుపల్లి.

13వ శతాబ్దం చివర్లో మార్కోపోలో ఈ రెండు చోట్ల గురించీ చెప్పాడు. మోటుపల్లి రాజ్యాన్ని ఒక రాణి న్యాయంగా ఏలిందని, అక్కడి సన్నటి బట్టలకు సాటి లేదని మెచ్చుకున్నాడు. అండమాన్ మనుషుల గురించి మాత్రం కుక్క తలలు ఉన్నవాళ్ళు, మనుషులను తింటారు అని చెప్పాడు. ఒకే పుస్తకంలో రాజ్యం ఉన్నోళ్ళకు ఒక మాట, రాజ్యం లేనోళ్ళకు ఒక మాట. అడవిలో ఉండేటోళ్ళ మీద అబద్ధం ఎంత దూరమైనా ఓడెక్కి పోతది.

ఆ తర్వాత పేర్లు పెట్టేటోళ్ళు వచ్చారు. 1756లో డెన్మార్క్ వాళ్ళు నికోబార్ మాది అని తమ రాజు పేరు పెట్టుకున్నారు. మలేరియాతో వాళ్ళ వలసలు నిలవలేదు. చివరికి 1868లో ఆ దీవుల హక్కును బ్రిటిష్ వాళ్ళకు అమ్మారు. అక్కడ ఉన్నోళ్ళను అడిగే అమ్మిన్రా? మన అడవులను కూడా ఇట్లనే ఒక చేతి నుంచి ఇంకో చేతికి రాసిచ్చిన్రు కదా.

ఉన్నోళ్ళకు తమ పేర్లు తమకు ఉన్నాయి. ఓంగేలు లిటిల్ అండమాన్‌ను గౌబొలాంబె అంటారు. కార్ నికోబార్ వాళ్ళు తమ దీవిని పూ అంటారు. కాబట్టి టెన్ డిగ్రీ ఛానెల్ అంటే గౌబొలాంబెకూ పూకూ మధ్య సముద్రం. నికోబారీలు పక్కకు తేలే కట్టె కట్టిన హోడీ పడవల మీద దీవి నుంచి దీవికి పోయేవాళ్ళు. చౌరా అనే చిన్న దీవిలో చేసే మట్టి కుండల కోసం మిగతా దీవుల వాళ్ళు అక్కడికి ప్రయాణం కట్టేవాళ్ళు. మ్యాపులో ఖాళీ నీళ్ళలాగా కనిపించే చోటు వాళ్ళకు సంతకు పోయే బాట.

కాలాపానీ

1858 మార్చిలో బ్రిటిష్ వాళ్ళు 200 మంది ఖైదీలతో పోర్ట్ బ్లెయిర్‌లో శిక్షల వలస మొదలుపెట్టారు. 1857 తిరుగుబాటు ఖైదీలను ఉంచడానికి మెయిన్‌లాండ్‌కు దూరంగా ఒక చోటు కావాలి. మన హైదరాబాదులో రెసిడెన్సీ మీద దాడిలో తుర్రేబాజ్ ఖాన్‌తో పాటు ముందున్న మౌల్వీ అల్లావుద్దీన్‌ను అక్కడికే పంపారు. ఆయన అక్కడే చనిపోయాడు.

ఖైదీలతో మొదట చేయించిన పని అడవి నరకడం. అది గ్రేట్ అండమానీల అడవి. 1859 మే 17న వాళ్ళు విల్లంబులతో ఆ వలస మీదికి వచ్చారు. దాన్నే అబర్డీన్ యుద్ధం అంటారు. అయితే కబురు ముందే అందింది. పారిపోయి వాళ్ళ దగ్గర తలదాచుకుని, వాళ్ళ ఆడపిల్లలను పెళ్ళి చేసుకున్న దూధ్‌నాథ్ తివారీ అనే ఖైదీ తిరిగొచ్చి దొరలకు చెప్పాడు. తుపాకుల ముందు విల్లంబులు నిలవలేదు. తర్వాత తుపాకీ కన్నా రోగాలు ఎక్కువ మందిని తీసుకుపోయాయి. 1877లో తట్టు వచ్చింది. బయటి నుంచి వచ్చిన సుఖవ్యాధులు వచ్చాయి. వేలల్లో ఉన్న జనం 1901 లెక్కల నాటికి 625 అయింది. 1961 నాటికి 19. 2011లో 44.

మన రంప వాళ్ళు

ఇక్కడ మన కథ కలుస్తది. 1879 మార్చిలో తూర్పు కనుమల రంప ప్రాంతంలో కొండరెడ్లు, కోయలు, మిగతా కొండ జనం తిరగబడ్డారు. పోడు మీద ఆంక్షలు, మన్సబ్‌దారు దోపిడీ, పోలీసుల జులుం, వీటన్నిటి మీద ఇంట్లో తాగే కల్లు గీసుకోవడానికి కూడా చిగురుపన్ను. కారం తమ్మన్నదొర, అంబుల్ రెడ్డి, ద్వారబంధాల చంద్రయ్య లాంటి వాళ్ళు ముందున్నారు. మద్రాసు ప్రభుత్వం ఆరు రెజిమెంట్ల పదాతి దళాన్ని దింపింది. హైదరాబాదు నుంచి కూడా ఒక రెజిమెంటు పోయింది. తిరుగుబాటును అణిచాక చాలామందిని అండమాన్‌కు పంపారు.

మళ్ళీ 1922. 1882 మద్రాసు అటవీ చట్టం పోడును నేరం చేసింది. రోడ్ల పనికి సరైన కూలి లేదు. ఆగస్టు 22న చింతపల్లి, 23న కృష్ణదేవిపేట, 24న రాజవొమ్మంగి పోలీస్ స్టేషన్ల మీద దాడులు జరిగాయి. అల్లూరి సీతారామరాజు పేరు అందరికీ తెలుసు. ఆయన పక్కన నిలబడ్డ గాం సోదరుల పేర్లు ఎంతమందికి తెలుసు? గాం గంటం దొర 1924లో పోరులోనే చనిపోయాడు. గాం మల్లు దొర దొరికిపోయాడు. ఆయనకు అండమాన్ జైలు పడింది. 1952లో జరిగిన మొదటి ఎన్నికల్లో అదే మల్లు దొర విశాఖపట్నం నుంచి గెలిచి లోక్‌సభలో కూర్చున్నాడు. ఇది మాత్రం బిట్టుగా అడగరు.

ఒక్కసారి ఊహించండి. కొండ తప్ప సముద్రం తెలియని మనిషి. కాళ్ళకు గొలుసులు. ఓడ అడుగున రోజుల తరబడి చీకటి. దిగినాక చూస్తే మళ్ళీ అడవే. చెట్లు వేరు, పిట్టలు వేరు, కానీ అడవే. ఆ అడవిలో కూడా విల్లంబులు పట్టుకున్న మనుషులున్నారు.

గొడ్డలి ఎవరి చేతిలో పెట్టిన్రు

ఈ పోస్టులో మేం చెప్పాలనుకున్న అసలు మాట ఇది. తమ అడవి కోసం కొట్లాడి ఖైదీలైన ఆదివాసీలను తెచ్చి, ఇంకో ఆదివాసీల అడవిని నరికే చోట దింపారు. రాజ్యం తన చేతులతో గొడ్డలి పట్టలేదు, ఓడిపోయినోళ్ళ చేతిలో పెట్టింది.

ఇది ఖైదీలతో ఆగలేదు. 1918 నుంచి ఛోటా నాగపూర్ ప్రాంతం నుంచి ఓరాన్, ముండా, ఖరియా కూలీలను అడవి పనికి తీసుకుపోయారు. అక్కడ వాళ్ళను రాంచీవాళ్ళు అంటారు. రోడ్లు, రేవులు, కలప డిపోలు వాళ్ళ రెక్కల మీద లేచాయి. తమ సొంత జిల్లాల్లో వాళ్ళు ఎస్టీలు. అండమాన్ ఎస్టీ జాబితాలో మాత్రం వాళ్ళ పేరు లేదు. అందులో ఉన్నవి ఆరే: అండమానీలు, జారవాలు, నికోబారీలు, ఓంగేలు, సెంటినలీలు, షొంపెన్లు. ఒక రాష్ట్రంలో ఎస్టీ, హద్దు దాటితే కాదు. ఇది తండా పిల్లలకు ఎవరూ వివరించాల్సిన బాధ కాదు.

ఆ తర్వాత మన తెలుగోళ్ళు కూడా శ్రీకాకుళం, విశాఖ తీరాల నుంచి చేపల వేటకు, కూలికి పోయి అక్కడ స్థిరపడ్డారు. ఇప్పుడు అక్కడ తెలుగు బాగా వినిపించే భాష. పొట్ట కోసం పోయినోళ్ళను తప్పు పట్టలేం. కానీ లెక్కలు కూడా చూడాలి. 1901లో ఓంగేలు 672 మంది, 2011లో 101 మంది. జారవాలు 380. షొంపెన్లు 229. సెంటినలీలు ఒడ్డున దూరం నుంచి కనిపించినోళ్ళు 15. ఒక్కో జాతి మన హాస్టల్‌లో సరిపోతది.

ప్రపంచం ఆ చివర

ఇట్లాంటి కథ ప్రపంచం ఇంకో చివర కూడా ఉన్నది. దక్షిణ అమెరికా కొసన అట్లాంటిక్‌కూ పసిఫిక్‌కూ మధ్య దారిని 1520లో మెగెల్లాన్ దాటాడు. రాత్రిపూట ఒడ్డున మంటలు కనిపించాయి కాబట్టి ఆ నేలకు అగ్నిభూమి అని అర్థం వచ్చే పేరు పెట్టారు, టియెర్రా డెల్ ఫ్యూగో. ఆ మంటలు ఎవరివి? సెల్క్‌నం, యాగాన్, కవేస్కర్ అనే ఆదివాసీలవి. 1880ల తర్వాత గొర్రెల కంపెనీలు వచ్చి, మనిషిని చంపితే ఇంత అని డబ్బులిచ్చి సెల్క్‌నంలను వేటాడించాయి. పేరులో మంట మిగిలింది, మంట వేసినోళ్ళు పోయిన్రు.

2010 జనవరిలో అండమాన్‌లో బోవా సీనియర్ అనే పెద్దావిడ చనిపోయింది. బో భాష మాట్లాడే చివరి మనిషి ఆమె. 2022 ఫిబ్రవరిలో చిలీలో క్రిస్టినా కాల్డెరాన్ చనిపోయింది. యాగాన్ భాషను తల్లి ఒడిలో నేర్చుకున్నోళ్ళలో చివరి మనిషి. రెండు నీటి దారుల ఒడ్డున ఇద్దరు అవ్వలు, ఇద్దరితో రెండు భాషలు. అయితే కథ అక్కడితో అయిపోలేదు. అంతరించిపోయిన్రు అని పుస్తకాల్లో రాసినంక కూడా సెల్క్‌నం వారసులు మేం ఉన్నం అని కొట్లాడారు. 2023లో చిలీ వాళ్ళను ఆదివాసీ జాతిగా చట్టంలో గుర్తించింది.

2004, ఆ తర్వాత

2004 డిసెంబరు 26న సుమత్రా దగ్గర 9.1 తీవ్రతతో భూకంపం వచ్చింది. గ్రేట్ నికోబార్ కొన నాలుగు మీటర్లకు పైగా కుంగింది. ఇందిరా పాయింట్ లైట్‌హౌస్ అడుగు భాగం నీళ్ళలో నిలబడ్డది. నికోబారీలు వేలల్లో పోయారు. ఓంగేలు మాత్రం సముద్రం వెనక్కి పోవడం చూసి, పెద్దలు చెప్పిన మాట గుర్తుపెట్టుకుని ఎత్తు మీదికి పోయి బతికారు. ఏ సైరనూ లేదు. కథే సైరన్.

గ్రేట్ నికోబార్ తీరంలో ఊర్లు పోయిన నికోబారీలను క్యాంప్‌బెల్ బే దగ్గరి కాలనీల్లో పెట్టారు. మా పాత ఊర్లకు మేం పోతం అని వాళ్ళు అప్పటి నుంచి అడుగుతనే ఉన్నారు. ఇంతలో ఆ దీవికి పెద్ద ప్రాజెక్టు వచ్చింది. గలతియా బేలో కంటైనర్ల రేవు, విమానాశ్రయం, పట్నం, కరెంటు ప్లాంటు. అంచనా 72,000 కోట్ల రూపాయలు. దాదాపు 130 చదరపు కిలోమీటర్ల అడవి అందులో పోతది. గలతియా బే తోలువీపు తాబేళ్ళు గుడ్లు పెట్టే చోటు. 2022 నవంబరులో పర్యావరణ అనుమతి వచ్చింది. అదే నెలలో అక్కడి ట్రైబల్ కౌన్సిల్ అంతకుముందు ఇచ్చిన నిరభ్యంతర పత్రాన్ని వెనక్కి తీసుకున్నది. సునామీకి ముందు మేమున్న నేల కూడా ఇందులో ఉన్నదని మాకు సరిగ్గా చెప్పలేదు అన్నారు.

ప్రభుత్వం చెప్పేదీ వినాలి. ప్రపంచ ఓడల దారి పక్కనే ఉన్నది, మన సరుకు కొలంబోలోనో సింగపూర్‌లోనో ఎక్కి దిగుతున్నది, దేశ రక్షణకు అది కీలకమైన చోటు. ఈ మాటల్లో బలం లేదని మేం అనం. కానీ దారి ముఖ్యమైనప్పుడల్లా దారి పక్కనోళ్ళు ఎందుకు అడ్డం అవుతరు? కొండపోచమ్మ సాగర్ నీళ్ళ కింద మామిడ్యాల, బైలంపూర్, తానేదార్‌పల్లి ఊర్లున్నాయి. నీళ్ళు అవసరమే. ఊరు పోయినోడి బాధ కూడా నిజమే. రెండూ ఒకే కాగితం మీద రాయాలి, ఒకటి కొట్టేసి ఇంకోటి రాయొద్దు.

మనకు 1/70 ఉన్నది, పెసా ఉన్నది, 2006 అటవీ హక్కుల చట్టం ఉన్నది. అక్కడ 1956 నాటి ఆదిమ తెగల రక్షణ రెగ్యులేషన్ ఉన్నది. చట్టం ఉండడం ఒకటి, గ్రామసభలో సంతకం పెట్టే ముందు కాగితంలో ఏముందో చదివి చెప్పే మనిషి ఉండడం ఇంకొకటి. వర్గల్ సరస్వతి గుట్టకు ఎక్కడెక్కడి నుంచో పిల్లలను అక్షరాభ్యాసానికి తీసుకొస్తరు. మా ఇండ్లలో కాలేజీ గడప తొక్కిన మొదటి వాళ్ళం మేమే. ఆ అక్షరం ఇట్లాంటి కాగితం చదవడానికి పనికిరావాలె.

ఇక గ్రూపులో అందరికీ ఒక విన్నపం. చింతపల్లి, కొయ్యూరు, రంపచోడవరం, మారేడుమిల్లి వైపు ఉన్న అన్నలు, అక్కలు మీ ఊర్లో పెద్దలను ఒక్కసారి అడగండి. కాలాపానీకి పోయినోళ్ళు ఎవరు, తిరిగొచ్చినోళ్ళు ఎవరు, రానోళ్ళు ఎవరు? పేరు, ఊరు, ఇంటిపేరు, ఎవరు చెప్పిన్రో కూడా రాసి ఇక్కడ పెట్టండి. మేం ఒక నోట్‌బుక్‌లో వరుసగా రాసి ఉంచుతం. పెద్దోళ్ళు ఉండంగనే అడగాలి. అడగని సంవత్సరం ఒక్కోటి ఒక్కో పేరును తీసుకపోతది.